మొయినాబాద్ ప్లాటు సంగతి

ఒరేయ్ శీనూ,

మొయినాబాద్ వైపు ఫామ్ ప్లాటు చూశావట, గండిపేట చెరువుకు (హైదరాబాద్ దగ్గరి ఉస్మాన్‌సాగర్ జలాశయానికి) ఆరు కిలోమీటర్లు కాబట్టి భయం లేదని ఏజెంటు చెప్పాడట. ఆ ఆరు కిలోమీటర్ల దగ్గరే ఉందిరా చిక్కంతా. ఈ జలాశయాలు కలుషితం కాకుండా పరిశ్రమలు, కాలనీల్లాంటివి రాకూడదంటూ 1996 మార్చి 8న వచ్చిన 111 జీవోను గండిపేట, హిమాయత్‌సాగర్‌ల ఎఫ్‌టీఎల్ (జలాశయం పూర్తిగా నిండినప్పటి నీటి హద్దు) నుంచి పది కిలోమీటర్ల దాకా, 84 గ్రామాలకు వర్తించేలా పెట్టారు. గట్టును ఒక్కదాన్నే కాపాడితే సరిపోదు, వాన పడి వాగుల్లోకి చేరే నేల మొత్తాన్నీ కాపాడాలి గదా!

కోర్టు ఎటు మొగ్గుతుందో తెలియాలంటే ఆముదం కేసు చూడు. శంషాబాద్ మండలం పెద్దషాపూర్‌లో ఓ కంపెనీ ఆముదం నుంచి రసాయనాలు తీసే ఫ్యాక్టరీ పెట్టబోయింది. 1997లో ప్రభుత్వం పది కిలోమీటర్ల నిబంధన నుంచి దానికి మినహాయింపు ఇచ్చింది. పొల్యూషన్ బోర్డు మాత్రం అనుమతి ఇవ్వనంది. అప్పీల్లోనూ, హైకోర్టులోనూ కంపెనీయే గెలిచింది. ఆ ఫ్యాక్టరీలో వాడేసిన నికెల్ ఉత్ప్రేరకం (రసాయన చర్యను వేగంగా జరిపించే పదార్థం) మిగులుతుంది. అది నేలలోకి దిగి నీళ్లలో కలిసిందంటే మళ్లీ ఏరి తీయలేం. సుప్రీంకోర్టులో జస్టిస్ జగన్నాథరావు ధర్మాసనం 1999 జనవరి 27న, హాని లేదని నిరూపించుకునే భారం కంపెనీదేనని చెప్పింది. శాస్త్రీయ ప్రశ్నల మీద జాతీయ పర్యావరణ అప్పిలేట్ అథారిటీ అభిప్రాయం కోరింది. 2000 డిసెంబరు 1న, లక్షల మంది తాగే నీటి విషయంలో అలాంటి మినహాయింపు చెల్లదని తేల్చింది. నాకు ఈ తీర్పంటే గౌరవం. రెండు పక్షాలకూ చెరిసగం పంచలేదు, పోతే తిరిగిరానిది ఏదో చూసి అటు నిలబడింది.

111 ఎత్తేశారుగా అంటావేమో. 2022 ఏప్రిల్‌లో 111 ఆంక్షలు ఎత్తేస్తూ 69 జీవో వచ్చిన మాట నిజమే. కానీ రెండు జలాశయాల నీటి నాణ్యత చెడకూడదన్న షరతు అందులోనే ఉంది. పైగా అవి 1908 మూసీ వరద తర్వాత కట్టినవి. తాగునీరు కృష్ణా, గోదావరి నుంచి వచ్చినా మూసీ వరదను ఆపాల్సింది అవే.

అందుకని అడ్వాన్సు ఇచ్చేముందు సర్వే నంబరు తీసుకుని హెచ్‌ఎండీఏ (హైదరాబాద్ మహానగర అభివృద్ధి సంస్థ) మాస్టర్‌ప్లాన్‌లో ఏ జోన్‌లో ఉందో చూడు. ఈసీని (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్‌ను) నమ్ముకోకు. అందులో లావాదేవీలు కనిపిస్తాయి గానీ జోన్ ఆంక్షలు కనిపించవు. రిజిస్ట్రేషన్ అయినంత మాత్రాన లేఅవుట్ అనుమతి వచ్చినట్టు కాదు. గుంటల లెక్కన, అంటే 121 గజాలకో ముక్కగా అమ్మే వ్యవసాయ భూమిలో చాలాసార్లు జరిగే మోసం ఇదే.

తర్వాత గ్రామ నక్షా పట్టుకుని నేల మీద నడువు. వాగు గీత ఉన్నచోట కొత్త మొరం పోసి చదును చేసి ఉంటే వెనక్కి వచ్చెయ్. 2012 నాటి 168 జీవో ప్రకారం పది మీటర్లకు మించి వెడల్పున్న వాగుకు తొమ్మిది మీటర్లు, పది హెక్టార్లు దాటిన చెరువుకు ఎఫ్‌టీఎల్ నుంచి ముప్ఫై మీటర్లు వదలాలి. ఎండాకాలం నీళ్లు ఎక్కడిదాకా ఉన్నాయో చూసి ఎఫ్‌టీఎల్ అనుకోకు. గండిపేటకు అది 1790 అడుగుల మట్టం, ఏ కాలంలోనైనా మారదు.

సర్వే నంబరు, లింకు డాక్యుమెంట్లు (ఆ భూమి పాత దస్తావేజులు) వాట్సాప్‌లో పంపు. అవి చూసేదాకా ఏజెంటుకు పైసా ఇవ్వకు.

నీ
రవి