వాల్వ్ నొక్కినవాడిదేనా తప్పు?

ఎడిటర్ గారికి నమస్కారం. మొన్న ఆదివారం పేజీలో పాతకాలం ఆవిరి రైలింజన్ల మీద వ్యాసం వేశారు, బాగుంది, కానీ అమెరికాలో ఆ ఫైర్‌మ్యాన్, అంటే ఇంజన్‌లో నిప్పు చూసేవాడి సంగతి జోకులాగా రాసేశారు, అది మాత్రం నచ్చలా. 1831 జూన్‌లో చార్లెస్టన్ దగ్గర, ఆవిరి బుస్సుమంటుంటే చెవులు పోతున్నాయని, ఒత్తిడి ఎక్కువైతే ఆవిరిని బయటికి వదిలే సేఫ్టీ వాల్వ్‌ని నొక్కిపట్టాడు, బాయిలర్ పేలింది, మనిషి పోయాడు. నిజమే. కానీ ఆ వాల్వ్ చేతికి అందేలా ఎందుకు పెట్టారండీ? నొక్కితే ఏమవుద్దో అతనికి ఎవరైనా చెప్పారా?

అప్పటికి అదేం కొత్త పాఠం కూడా కాదు. 1803లో లండన్ పక్కన గ్రీనిచ్‌లో ట్రెవితిక్ అనే ఇంగ్లాండ్ ఇంజనీర్ చేసిన బాయిలర్ పేలి నలుగురు చనిపోయారు, చూసుకోవాల్సిన కుర్రాడేమో మలుగు చేపలు పట్టడానికి పోయాడంట. ట్రెవితిక్ ఆ కుర్రాణ్ణి తిట్టి ఊరుకోలేదు, ఇక మీద రెండు వాల్వులు పెడతానన్నాడు, బాయిలర్‌కి సీసం ప్లగ్ కూడా పెట్టాడు. నీళ్లు తగ్గితే సీసం కరిగిపోయి ఆవిరి నిప్పు మీద పడుద్ది, మనిషి నిద్రపోయినా అది పనిచేసుద్ది. తర్వాత ఏడాదే ఆయన ఇంజన్ పట్టాల మీద 10 టన్నుల ఇనుము లాగింది. చార్లెస్టన్ వాళ్లు మాత్రం పేలాక ఇంజన్‌కీ ప్యాసింజర్లకీ మధ్య పత్తి బేళ్లు వేసిన బండి ఒకటి తగిలించారు. జనానికి పత్తి అడ్డం పెట్టారు సరే, ముందున్న డ్రైవర్‌కి, ఫైర్‌మ్యాన్‌కి ఏం పెట్టారో మరి.

ఇదంతా ఎందుకంటే నేను ఉప్పుడు బియ్యం మిల్లులో ఊక బాయిలర్ దగ్గర ఇరవై ఏళ్లు చేశా. సీజన్‌లో ఆవిరి వేస్ట్ అవుతుందని వాల్వ్ తొందరగా తెరుచుకోకుండా దాని బరువుకి ఇంకో ఇనపముక్క వేలాడదీయమనేవాళ్లు, ఎవరన్నారో అడగొద్దు. నేనూ రెండుసార్లు వేశా, దాచుకోను. ఇన్స్పెక్షన్ రోజు మాత్రం తీసేసేవాళ్లం. సర్టిఫికెట్ ఉన్న అటెండెంట్ పేరు గోడ మీద, నిప్పు దగ్గరేమో నిన్న పనిలోకొచ్చిన కుర్రాడు!

అధికారులు చెప్పాపెట్టకుండా సీజన్ మధ్యలో, అదీ రాత్రి షిఫ్ట్‌లో రావాలి. వచ్చి కాగితాలు తర్వాత చూడండి, ముందు ఒక వాల్వ్‌కి సీలు తాళం ఉందో లేదో, బాయిలర్‌లో నీటిమట్టం చూపించే గేజ్ గ్లాస్‌లో నీళ్లు కనపడుతున్నాయో లేదో ఆ కుర్రాణ్ణే అడగండి.

– ఒక రిటైర్డ్ బాయిలర్ అటెండెంట్, నల్గొండ జిల్లా