న్యూ ఆర్లీన్స్ వంట తరగతిలో అమ్మ పక్కన కూర్చున్న పెద్దావిడకు

న్యూ ఆర్లీన్స్‌లోని ఫ్రెంచ్ క్వార్టర్‌లో క్రియోల్ (అక్కడి స్థానిక సంప్రదాయ) వంటల ప్రదర్శన తరగతికి వెళ్లినప్పుడు మా అమ్మగారి పక్కన కూర్చున్న, పేరు అడిగే వీలు కూడా దొరకని ఆ పెద్దావిడకు మా కుటుంబం తరఫున ఈ ముఖంగా కృతజ్ఞతలు తెలియజేసుకుంటున్నాను. వంటవారి ఇంగ్లీషు అమ్మకు అందడం లేదని గ్రహించి, గంబో అనే చిక్కని పులుసు కోసం మైదాపిండిని నూనెలో సన్నని సెగపై ముదురు గోధుమ రంగు వచ్చేదాకా ఆపకుండా కలపాలనీ, మాడితే పారబోసి మళ్లీ మొదలుపెట్టవలసిందేననీ, ఆ తరువాతే ఉల్లి, సెలెరీ, క్యాప్సికం ముక్కలు వేయాలనీ ఆమె చేతి సైగలతో ఓపికగా వివరించారు. అందులో పడే బెండకాయ జిగురు గురించి మాత్రం వారిద్దరికీ ఏ భాషా అవసరం కాలేదు! రొయ్యలూ సాసేజీ పడిన ఆ గంబోను శాకాహారి అయిన అమ్మ రుచి చూడలేరని తెలిసి, నిర్వాహకులతో మాట్లాడి, పంచదార పాకంలో పెకాన్ గింజల పలుకులతో చేసిన ప్రలీన్లు అనే మిఠాయిలు అదనంగా ఇప్పించింది కూడా ఆమే.