మారిషస్‌లో పిప్పి కరెంటు, బొగ్గు కరెంటు

సంపాదకులకు, నమస్కారం.

2030 నాటికి 60 శాతం విద్యుత్తును పునరుత్పాదక వనరుల నుంచే పొందుతామని, బొగ్గును పూర్తిగా మానుకుంటామని మారిషస్ 2021లో ప్రకటించింది. మన తెలుగువారి పూర్వీకులూ కూలీలుగా వెళ్లి చెమటోడ్చిన ఆ చెరకు తోటల పిప్పినే అక్కడి కొన్ని విద్యుత్ కేంద్రాలు మండిస్తాయి. అయితే సుమారు జూన్ నుంచి డిసెంబరు దాకా నడిచే చెరకు క్రషింగ్ సీజన్ ముగియగానే అవే బాయిలర్లలోకి దిగుమతి బొగ్గు చేరుతుందన్న సంగతి పిప్పి కరెంటుపై ప్రశంసల హోరులో మరుగున పడుతోంది. పైగా చెరకు విస్తీర్ణం దశాబ్దాలుగా తగ్గుతూనే ఉంది. 2022 జనవరిలో భారత్ సహకారంతో నిర్మాణం మొదలుపెట్టిన 8 మెగావాట్ల సౌర విద్యుత్ ప్రాజెక్టు మంచిదే గానీ, పొరుగు దేశపు గ్రిడ్ ఆసరా లేని ఆ దీవికి పొద్దుగూకాక బ్యాటరీ నిల్వలే దిక్కు. మన ప్రభుత్వం ఇకపై ఇచ్చే రుణసాయంలో వాటికే పెద్దపీట వేయాలి.

ఇట్లు,
ఒక పాఠకుడు, అనకాపల్లి