అక్షరాలు తూకానికి పోతున్నాయి

సంపాదకులకు నమస్కారం.

పోయిన నెల మా వీధి చివర ఒక పాత ప్రెస్సును ఖాళీ చేశారు. యజమాని పోయి చాలా ఏళ్లయింది. పిల్లలు స్థలం బిల్డరుకు ఇచ్చారు. నేను వెళ్లేసరికి టైపు కేసులు, అంటే అచ్చు అక్షరాలు పెట్టుకునే గళ్ల చెక్కపెట్టెలు, గుమ్మం ముందు బోర్లించి ఉన్నాయి. సీసం అక్షరాలను పారతో ఎత్తి గోనెసంచుల్లో పోస్తున్నారు. ఆటోనగర్ నుంచి వచ్చిన కుర్రాడు కాటా పెట్టి, "సీసానికి మంచి రేటుంది తాతా, ఈ చెక్కలకే ఏమీ రాదు" అన్నాడు. వాడి తప్పేమీ లేదు. ఒక గుప్పెడు అడిగి తెచ్చుకున్నాను. ఇంటికొచ్చి మంచం మీద కాగితం పరిచి పోస్తే అందులో ఒక 'క్ష', రెండు 'ళ'లు, నాలుగు క్రావడులు, ఈ కాలం పిల్లలు చూసి ఉండని వలపలగిలక ('ర్'కు బదులు తర్వాతి అక్షరం పక్కన రాసే గుర్తు) ఒకటి కనిపించాయి.

నేను 1973 నుంచి ఇరవై ఏళ్లకు పైగా బెజవాడలో కంపోజిటర్‌గా, అంటే అచ్చుకు అక్షరాలు పేర్చేవాడిగా పనిచేశాను. ఇంగ్లీషుకు రెండు కేసులతో పని గడిచిపోయేది. తెలుగుకు గుణింతాలు, ఒత్తులు అన్నీ విడివిడిగా ఉండాలి కాబట్టి ఎదురుగా, అటూ ఇటూ నాలుగైదు కేసులు. ఏ గడి మీదా ఏ అక్షరమో రాసి ఉండదు. చెయ్యే దానంతటది వెళ్లేది. ఎడమచేతిలో స్టిక్కు (వరస పేర్చే చిన్న లోహపు పట్టీ), అందులో అక్షరాలు తలకిందులుగా పేర్చుకుంటూ పోవడం. పెళ్లిళ్ల సీజన్లో 'శ్రీ'లు చాలక టెన్షన్ పడేవాళ్లం. పక్క ప్రెస్సుకు పరుగెత్తి దోసెడు 'శ్రీ'లు అప్పు తెచ్చి, శుభలేఖలు అచ్చయ్యాక కడిగి తిరిగి ఇచ్చేవాళ్లం. తర్వాత సీసం అక్షరాలతో పనిలేని ఆఫ్‌సెట్ అచ్చు వచ్చింది, ఆ వెనకే కంప్యూటర్లు వచ్చాయి. పని మారింది. దాని గురించి నాకు బాధ లేదు, మా అబ్బాయి డీటీపీ (కంప్యూటర్‌లో పేజీలు కూర్చే పని) చేసే ఇంత తిన్నాడు.

నా బాధంతా ఒక్కటే. తెలుగు పుస్తకానికి ఈ ఊరు పుట్టిల్లులాంటిది. 1952లో విశాలాంధ్ర, 1960లో ఆంధ్రజ్యోతి దినపత్రికలుగా ఇక్కడే మొదలయ్యాయి. ఏలూరు రోడ్డు పొడవునా ప్రచురణకర్తలు ఉండేవాళ్లు. గాంధీనగర్ సినిమా ఆఫీసుల కోసం వాల్‌పోస్టర్లు, కరపత్రాలు రాత్రుళ్లు అచ్చవుతుండేవి. ఏటా పుస్తక మహోత్సవానికి జనం ఇప్పటికీ పిల్లల్ని వెంటబెట్టుకుని వస్తారు. అంత చరిత్ర ఉన్న ఊళ్లో ఆ పిల్లలు అక్షరం ఎలా అచ్చయ్యేదో కళ్లతో చూద్దామంటే ఒక్క గదైనా ఉండాలి కదా!

బందరు రోడ్డు మీది మ్యూజియం విక్టోరియా జూబిలీ పేరు పోయి ఇప్పుడు బాపు మ్యూజియం అయింది. గాంధీగారి పేరనుకునేవాళ్లు ఉన్నారు, అది మన చిత్రకారుడు బాపుగారి పేరు. కొత్త హంగులతో 2020లో మళ్లీ తెరిచారు. నేను మనవరాలితో వెళ్లాను. అల్లూరు బుద్ధుడి పాలరాతి రంగు విగ్రహం ముందు ఆ పిల్ల చాలాసేపు కదల్లేదు. మన ఉమ్మడి కృష్ణా జిల్లా ఊరి బుద్ధుడు మనూళ్లోనే ఉండటం ఎంత భాగ్యమో అప్పుడు తెలిసింది. అయితే బాపుగారి గీత తెలుగువాళ్ల ఇళ్లలోకి వచ్చింది అచ్చు ద్వారానే. బొమ్మను ఫొటో తీసి, జింకు రేకు మీదికి ఎక్కించి, గీత లేని చోటల్లా యాసిడ్‌తో తినిపించి, ఆ రేకును చెక్కకు మేకులు కొట్టి బ్లాకు తయారుచేసేవాళ్లు. ఆ బ్లాకును అక్షరాల పక్కన బిగించిన చేతులు మావి. ఆయన పేరు పెట్టుకున్న చోట అచ్చుకు ఒక గది అడగడం అత్యాశ కాదు.

ఆలస్యం చేస్తే ఏమవుతుందో మన కృష్ణ ఒడ్డునే చూశాం. అమరావతి దీపాలదిన్నెను, అంటే పాత బౌద్ధ స్తూపం ఉన్న దిబ్బను, సర్వే చేసే దొర కాలిన్ మెకంజీ 1797 ప్రాంతంలో చూశాడు. 1816లో తిరిగి వచ్చేసరికి దిబ్బ నడుమ చెరువు తవ్వేశారు. చెక్కిన రాళ్లు కట్టడాలకు పోయాయి, కొన్ని సున్నానికి కాలిపోయాయి. 1845లో ఇంగ్లీషు అధికారి వాల్టర్ ఇలియట్ తవ్వించినవి మద్రాసు చేరి, అక్కణ్ణుంచి లండన్ వెళ్లాయి. వందకు పైగా ఫలకాలు ఇప్పటికీ బ్రిటిష్ మ్యూజియంలోనే ఉన్నాయి. 1877లో అదే దిబ్బను తవ్వించిన రాబర్ట్ సెవెలే తర్వాత కలెక్టరుగా ఉండి, 1887లో ఈ జూబిలీ భవనానికి శంకుస్థాపన చేశాడు. రాయిని సున్నం కోసం కాల్చినవాళ్లకు అది రాయే. అక్షరాన్ని కరిగించేవాళ్లకూ అది సీసమే. రెండువేల ఏళ్ల శిల్పంతో మా సామాను సమానమని నేను అనడం లేదు, పోగొట్టుకునే పద్ధతి మాత్రం ఒక్కటే.

పురావస్తు శాఖ అధికారులను, నగరపాలక సంస్థను నేను కోరేది పెద్ద ఖర్చు కాదు. విజయవాడ, గుంటూరు, తెనాలిలో మూలపడిన ప్రెస్సులు ఎన్నో లెక్క తీయించండి. కాలితో తొక్కి నడిపే ట్రెడిల్ అచ్చు మిషన్ ఒకటి, నిండుగా ఒక తెలుగు ఫౌంటు (ఒకే సైజు అక్షరాల పూర్తి సెట్టు), కొన్ని సినిమా బ్లాకులు, పాత శుభలేఖలు, ప్రూఫు కాగితాలు సేకరించండి. తూకం ధర కంటే నాలుగు రూపాయలు ఎక్కువిస్తే ఎవరైనా సంతోషంగా ఇస్తారు. గది తర్వాత కట్టుకోవచ్చు, ముందు సామాను తడవకుండా ఒక చోట పెట్టండి. దానికంటే ముందు పాత కంపోజిటర్లను కూర్చోబెట్టి మాట్లాడించి రికార్డు చేయండి. మాలో చిన్నవాళ్లకే అరవై దాటాయి. ఏ గడిలో ఏ అక్షరమో చెప్పేవాడు లేకపోతే అద్దాల పెట్టెలో పెట్టినా అది సీసం ముక్కల కుప్పే.

కేసు గళ్ల పటం నాకు గుర్తున్నంత మేరకు చార్టు మీద గీస్తున్నాను. అడిగితే వారానికి రెండు పూటలు వచ్చి పిల్లలకు స్టిక్కు పట్టడం చూపిస్తాను, డబ్బు అక్కర్లేదు. పటంలో ఒత్తుల వైపు మూడు గళ్లు మాత్రం ఎంత ఆలోచించినా గుర్తు రావడం లేదు. నాతో పనిచేసినాయన ఒకరు గుంటూరు బ్రాడీపేటలో ఉన్నారు, ఎనభై దగ్గర పడ్డాయి. చార్టు పట్టుకుని ఈ ఆదివారం ఆయన దగ్గరికి వెళ్తున్నాను.

— ఒక పాత కంపోజిటర్, సత్యనారాయణపురం, విజయవాడ