ఆ బొమ్మ హరేం కాదు

ఎడిటర్ గారికి,

మొన్నటి ఆదివారం అనుబంధంలో టర్కీ సుల్తాన్ల హరేం, అంటే అంతఃపురం, గురించి మీరు వేసిన ‘సుల్తాన్ల హరేం రహస్యాలు’ కథనం చదివిన దగ్గర్నుంచీ నాకు ఒళ్ళు మండుతూనే ఉంది. ఎవరో ఒకరు రాస్తారులే అని ఇన్నాళ్ళూ ఊరుకున్నాను. రాయలేదు సరికదా, నిన్నటి పేపర్లో ‘చాలా ఆసక్తిగా ఉంది, ఇలాంటివి మరిన్ని ఇవ్వండి’ అని మెచ్చుకుంటూ వచ్చిన ఉత్తరాలు అచ్చేశారు. మీరు మరిన్ని ఇవ్వకముందే నాలుగు మాటలు చెప్పాలి. నేను స్కూల్లో సోషల్ చెప్పి రిటైరైనదాన్ని, ఆ సుల్తాన్ల రాజధాని ఇస్తాంబుల్ చరిత్ర మీద దొరికిందల్లా చదువుతుంటాను.

ముందు ఆ బొమ్మ సంగతి. అర పేజీ వేసి, కింద ‘సుల్తాను అంతఃపురంలో స్నానాలు’ అని రాశారు, అది అక్కడెవరో దగ్గరుండి తీసిన ఫోటో అన్నట్టుగా. అది ఆంగ్ర్ అనే ఫ్రెంచి చిత్రకారుడు 1862లో, తన 82వ ఏట, గీసిన పెయింటింగ్. ఆయన జన్మలో టర్కీలో కాలు పెట్టలేదు. టర్కీలో ఉన్న ఇంగ్లీషు రాయబారి భార్య మేరీ మాంటేగ్యూ రాసిన ఉత్తరాల్లోంచి కొన్ని భాగాలు నోటుపుస్తకంలో ఎత్తి రాసుకుని, వాటి ఆధారంగా గీశాడు. ఆ మాత్రం వివరం బొమ్మ కింద ఒక్క లైనులో వేయడానికి చోటు లేకపోయిందా?

పోనీ ఆ మాంటేగ్యూ ఏం రాసిందో చూద్దాం. 1717లో ఆమె సోఫియాలో ఆడవాళ్ళ హమామ్‌కు, అంటే స్నానశాలకు, వెళ్ళింది. ఆ ఊరు అప్పట్లో ఒట్టోమన్ల (టర్కీ సుల్తాన్ల వంశం) ఏలుబడిలో ఉండేది. స్త్రీలు బట్టల్లేకుండా ఉన్నారన్నది నిజమే, కానీ ఆమె అక్కడితో ఆగలేదు. కొందరు కాఫీ తాగుతున్నారు, కొందరు షర్బత్ తాగుతున్నారు, కొందరు చేతిలో ఏదో పని పెట్టుకున్నారు, ఊళ్ళో వార్తలన్నీ అక్కడే తెలుస్తాయి, ఇది ఆడవాళ్ళ కాఫీ హోటల్ అని రాసింది. గుర్రపుస్వారీ బట్టల్లో వచ్చిన తనను చూసి ఒక్కరూ వెకిలిగా నవ్వలేదట. నువ్వూ బట్టలు విప్పవమ్మా అని బతిమాలితే పైబట్ట కొంచెం తీసి లోపల బిగించి కట్టిన కార్సెట్ చూపించింది. ఆ టర్కీ స్త్రీలు ఏమనుకున్నారో తెలుసా? ఇది ఆమె మొగుడు తాళం వేసిన పెట్టె, పాపం తనంతట తను విప్పుకోలేదు అనుకున్నారు! చూసే కళ్ళు రెండు వైపులా ఉన్నాయని చెప్పే ఇంత గొప్ప సంఘటనను ఆ చిత్రకారుడు వదిలేసి వంటి మీద బట్టల్లేకపోవడం ఒక్కటే తీసుకున్నాడు. మీ విలేఖరీ అంతే చేశాడు. మశూచికి టీకా లాంటిది వేసే పద్ధతి ఆమె నేర్చుకున్నది కూడా ఆ టర్కీ ముసలమ్మల దగ్గరే. తన కొడుక్కి 1718లో ఇస్తాంబుల్‌లోనే వేయించింది. అదీ మీ కథనంలో లేదు.

ఇక ఇస్తాంబుల్‌లో సుల్తాన్లు ఉన్న తోప్‌కాపి ప్యాలెస్. వందల మంది ‘భోగస్త్రీలు’ సుల్తాను కోసం పడిగాపులు పడుతుండేవారని రాశారు. అక్కడున్న వాళ్ళలో ఎక్కువ మంది పనివాళ్ళండీ. కొత్తగా వచ్చిన పిల్లకు నడక, మాట, కుట్టుపని, నమాజు నేర్పేవారు. తర్వాత పనిని బట్టి హోదా, హోదాను బట్టి రోజు జీతం. బట్టలుతికే వాళ్ళ మీద ఒక పెద్ద, కాఫీ పెట్టే వాళ్ళ మీద ఒక పెద్ద, ఖజానా లెక్కలకు ఇంకొక పెద్ద. చాలామందిని కొన్నేళ్ళ సేవ తర్వాత విడిచిపెట్టి, ఎవరో అధికారికిచ్చి పెళ్ళి చేసి, సామాను సర్ది పంపేవారు. లోపల పెత్తనమంతా సుల్తాను తల్లిది. జీతాల లెక్కల్లో కూడా ఆమెదే పైచేయి. 1599లో ఇంగ్లండు రాణి ఎలిజబెత్ కానుకగా గుర్రపుబండి పంపింది సుల్తాను తల్లి సఫియేకే, ఆ ఇద్దరాడవాళ్ళకూ ఉత్తరాలు నడిచేవి. మొగుడి గది గుమ్మం దగ్గర పడిగాపులు పడే మనిషికి ఎలిజబెత్ ఉత్తరం ఎందుకు రాస్తుంది?

ఇదంతా చెప్తున్నానంటే హరేం స్వర్గమని కాదు. అది బానిసత్వం మీద నిలబడ్డ ఇల్లు. నల్లసముద్రం పక్కన కాకసస్ కొండల్లోని సర్కాసియా నుంచి, ఉక్రెయిన్ నుంచి పిల్లల్ని ఎత్తుకొచ్చి, కొనుక్కొచ్చి, మతం మార్చి పేరు మార్చేవారు. కాపలాకు పెట్టిన నల్లవాళ్ళను చిన్నప్పుడే కోసి నపుంసకుల్ని చేసేవారు. మీరు నిజంగా కన్నీళ్ళు పెట్టించే కథ రాయాలనుకుంటే 1909 ఉంది. సుల్తాను అబ్దుల్ హమీద్‌ను గద్దె దించేశాక ఆ అంతఃపురం స్త్రీలను ఏం చేయాలో తెలియక ప్రభుత్వం సర్కాసియన్ ఊళ్ళకు కబురు పెట్టింది, మీ పిల్లలుంటే వచ్చి తీసుకెళ్ళండని. కొండప్రాంతాల నుంచి తండ్రులు, అన్నలు వచ్చారు. ఒక హాల్లో ఆ స్త్రీలను ముసుగు తీయించి నిలబెట్టారు. పసిపిల్లగా పోయిన మనిషిని పెద్దయ్యాక ముఖం చూసి పోల్చుకోవాలి. కొందరిని పోల్చుకున్నారు. కొందరి కోసం ఎవరూ రాలేదు. రాయాల్సింది ఇది కాదూ! మీ కథనంలో బానిస అనే మాట ఒక్కసారి కూడా లేదు, ‘అందగత్తెలు’ అనే మాట మాత్రం పేరా పేరాకీ ఉంది.

ఊళ్ళో మామూలు ఇళ్ళ సంగతి మరీ అన్యాయం. ప్రతి టర్కీవాడికీ నలుగురు పెళ్ళాలని రాసేశారు. 1885, 1907 జనాభా లెక్కల ప్రకారం ఇస్తాంబుల్‌లో పెళ్ళయిన మగవాళ్ళలో ఒకరి కంటే ఎక్కువ భార్యలున్నవాళ్ళు వందకు ఇద్దరు ముగ్గురే. స్త్రీ ఆస్తి ఆమె పేరు మీదే ఉండేది, మొగుడు ముట్టుకోవడానికి లేదు. 1546 నాటి ఇస్తాంబుల్ వక్ఫ్ రిజిస్టరులో దానధర్మాలకు ఆస్తి రాసిచ్చినవాళ్ళలో మూడో వంతుకు పైగా ఆడవాళ్ళే. అలాగని సవతి బాధ లేదని కాదు. టర్కీ రచయిత్రి హాలిదే ఎదిబ్ 1910లో భర్త రెండో పెళ్ళి చేసుకుంటే విడాకులిచ్చి బయటికొచ్చింది. ఆమె 1935లో మన దేశానికి వచ్చి ఢిల్లీ జామియా మిలియాలో ఉపన్యాసాలిచ్చింది కూడా. ఇలాంటి మనిషి మాట ఒక్కటి చదివి రాయొచ్చు కదా?

పత్రికల వాళ్ళకు ఈ జబ్బు పాతదే. గ్రేస్ ఎల్లిసన్ అనే ఇంగ్లీషు జర్నలిస్టు మొదటి ప్రపంచ యుద్ధానికి ముందు ఇస్తాంబుల్‌లో ఒక టర్కీ ఇంట్లో ఉండి, ఆ జనానాలోని గది ఫోటో లండన్ పేపరుకు పంపితే తిప్పి పంపించేశారు. ఇది హరేం అంటే మా పాఠకులు నమ్మరన్నారు. అందులో మామూలు కుర్చీలూ బల్లలూ ఉన్నాయి మరి! ఎల్లిసన్ స్నేహితురాలు జైనబ్ హానుమ్ లండన్ పార్లమెంటులో ఆడవాళ్ళ గ్యాలరీకి వెళ్ళి, చెక్కుడు జాలీల వెనక కూర్చోబెట్టిన ఇంగ్లీషు స్త్రీలను చూసి ఇదీ హరేమే కదా అని రాసింది. ఆ జాలీలు 1917 దాకా తీయలేదు.

అన్నిటికంటే నన్ను బాధపెట్టింది, ఇదంతా హైదరాబాద్‌లో అచ్చయ్యే పేపర్లో రావడం. ఆ ఒట్టోమన్ ఇంటి ఆడపిల్లలు ఇద్దరు ఈ ఊరి కోడళ్ళు. ఆఖరి ఖలీఫా అబ్దుల్ మజీద్ కూతురు దుర్రుషెహ్వార్, వాళ్ళ బంధువుల పిల్ల నీలోఫర్. 1924లో వాళ్ళను కుటుంబాలతో సహా దేశం నుంచి వెళ్ళగొట్టారు. 1931లో ఫ్రాన్స్‌లోని నీస్‌లో నిజాం పెద్ద కొడుకులిద్దరికీ ఇచ్చి పెళ్ళి చేశారు. తన పరిచారిక ఒకామె కాన్పులో చనిపోతే తట్టుకోలేక నీలోఫర్ పట్టుబట్టడం వల్లే ఆమె పేరుతో ఆస్పత్రి వచ్చింది. పాతబస్తీలో దుర్రుషెహ్వార్ ఆస్పత్రి ఉంది. ఇది ఆ ఇంటి ఆడవాళ్ళకు కొత్త కాదు. బానిసగా వచ్చి సుల్తాను సులేమాన్ భార్య అయిన హుర్రెం 16వ శతాబ్దంలో కట్టించిన హసెకీ ఆస్పత్రి పేరుతో ఇస్తాంబుల్‌లో ఇప్పటికీ ఆస్పత్రి నడుస్తోంది. 19వ శతాబ్దంలో బెజ్మియాలెం అనే సుల్తాను తల్లి బీదల కోసం ఇంకొకటి పెట్టింది. హుర్రెం నుంచి నీలోఫర్ దాకా కలిపి రాస్తే ఎంత మంచి వ్యాసమయ్యేది! నీలోఫర్ అంటే మన నగరంలో రోజూ వేలమంది నోట్లో నానే పేరు, ఆమె ఎవరో చెప్పేవాడు లేడు.

చెప్పేవాళ్ళెక్కడ్నుంచి వస్తారులెండి. మా అమ్మాయి చదివిన కాలేజీలో ‘స్టూడెంట్లు లేరు’ అని హిస్టరీ గ్రూపే ఎత్తేశారు. మొన్న మహిళా దినోత్సవం సభలో ఒక ప్రజాప్రతినిధి మైకు పట్టుకుని ఇంతమంది ఆడవాళ్ళను చూస్తుంటే సుల్తాను హరేం గుర్తొస్తోందని నవ్వాడు, వేదిక మీదున్న అధికారులూ నవ్వారు, కింద కూర్చున్న అంగన్‌వాడీ టీచర్లు తలలు దించుకున్నారు. అలాంటి మాటలు వాళ్ళ నోటికి ఇంత తేలిగ్గా రావడంలో ఇలాంటి కథనాల పాత్ర లేదంటారా? ఒకప్పుడు ఆదివారం అనుబంధం కోసం ఇంట్లో కొట్టుకునేవాళ్ళం. ఇప్పుడు పిల్లలకు కనపడకుండా మడిచి పెట్టాల్సి వస్తోంది.

నేనడిగేది ఒక్కటే. దుర్రుషెహ్వార్ తండ్రి అబ్దుల్ మజీద్ మంచి చిత్రకారుడు. 1915లో ‘హరేంలో బీథోవెన్’ అని తన ఇంటి బొమ్మే తను గీశాడు. ఆ ఇంటి ఆడవాళ్ళు ఒంటినిండా బట్టలతో వయొలిన్, పియానో వాయిస్తుంటే ఆయన కూర్చుని వింటుంటాడు, పక్కన బీథోవెన్ విగ్రహం. వచ్చే ఆదివారం అదే పేజీలో, అదే అర పేజీ సైజులో ఆ బొమ్మ వేయండి. పాత బొమ్మ ఎవరిదో, ఎక్కడ గీసిందో చెబుతూ సవరణ కూడా వేయండి, లోపలి పేజీలో మూలన కాకుండా.

ఒక పాఠకురాలు,
హైదరాబాద్