డ్రాకు విలువ లేని మ్యాచ్

బుజ్జీ,

మీ కాలేజీ ఫుట్‌బాల్ టోర్నమెంటుకి నియమాల కాగితం రాసే పని నీకు అప్పగించారన్నావు. రెండు గ్రూపులు, గ్రూపుకి నాలుగు జట్లు, ఒక్కో గ్రూపులో పైన నిలిచిన జట్టుకే ఫైనల్. పాయింట్లు సమానమైతే ఏం చేస్తారే అంటే, "గోల్ తేడా చూస్తాం, ఇంకేముంది" అని ఫోన్లో ఒక్క ముక్కలో తేల్చేశావు. సరిగ్గా ఆ ఒక్క ముక్క దగ్గరే దక్షిణాఫ్రికా 2012 ఆఫ్రికా కప్పుకి వెళ్లలేకపోయింది. ఇది ఫోన్లో చెబితే బుర్రకెక్కే లెక్క కాదు. పక్కన పెన్సిలు పెట్టుకుని చదువు.

ఆ క్వాలిఫయింగ్‌లో 11 గ్రూపులు. ఆతిథ్యమిచ్చే గాబన్, ఈక్వటోరియల్ గినియాలకు నేరుగా చోటు. మిగిలిన 14 చోట్లలో 11 గ్రూపు విజేతలకు, ఒకటి ఐదు జట్లున్న గ్రూపులో రెండో స్థానానికి, చివరి రెండు మిగతా గ్రూపుల్లోని మెరుగైన రన్నరప్‌లకు. జి గ్రూపులో ఈజిప్టు, దక్షిణాఫ్రికా, సియెర్రా లియోన్, నైజర్. ఈజిప్టు 2006, 2008, 2010 వరసగా మూడు కప్పులు గెలిచిన జట్టు. నైజర్ అప్పటిదాకా ఒక్కసారి కూడా ఆ టోర్నమెంటు గడప తొక్కలేదు. చీటీలు తీసి గ్రూపులు తేల్చిన రోజు ఈ గ్రూపు గురించి ఎవరిని అడిగినా ఈజిప్టు మొదట, దక్షిణాఫ్రికా తర్వాత అనే చెప్పి ఉంటారు.

ఒక్కో జట్టుకి ఆరు మ్యాచులు, ప్రతి ప్రత్యర్థితో సొంతగడ్డ మీద ఒకటి, వాళ్ల గడ్డ మీద ఒకటి. ఫలితాలు రాసుకో. 2010 సెప్టెంబరులో దక్షిణాఫ్రికా 2-0తో నైజర్‌ని ఓడించింది. కైరోలో ఈజిప్టు, సియెర్రా లియోన్ 1-1. అక్టోబరులో నియామేలో నైజర్ 1-0తో ఈజిప్టుని పడగొట్టింది. ఫ్రీటౌన్‌లో సియెర్రా లియోన్, దక్షిణాఫ్రికా 0-0. 2011 మార్చిలో నైజర్ 3-1తో సియెర్రా లియోన్ మీద, దక్షిణాఫ్రికా 1-0తో ఈజిప్టు మీద గెలిచాయి. జూన్‌లో సియెర్రా లియోన్ 1-0తో నైజర్ మీద గెలిచింది, కైరోలో ఈజిప్టు, దక్షిణాఫ్రికా 0-0. సెప్టెంబరులో సియెర్రా లియోన్ 2-1తో ఈజిప్టుని, నైజర్ 2-1తో దక్షిణాఫ్రికాని ఓడించాయి.

ఇక మిగిలింది ఒక్క రోజు. గెలుపుకి 3, డ్రాకి 1 పాయింటు లెక్కన నైజర్ 9, దక్షిణాఫ్రికా 8, సియెర్రా లియోన్ 8, ఈజిప్టు 2. విప్లవం జరిగిన ఆ ఏడాది ఈజిప్టు జట్టు చెల్లాచెదురైంది, మూడు కప్పులు తెచ్చిన కోచ్ హసన్ షెహాతా వెళ్లిపోయాడు, చివరి మ్యాచులకి కుర్రాళ్లని దించారు.

2011 అక్టోబరు 8న నెల్‌స్ప్రూట్‌లోని ఎంబొంబెలా స్టేడియంలో దక్షిణాఫ్రికా, సియెర్రా లియోన్ తలపడ్డాయి. అటు కైరోలో ఈజిప్టు 3-0తో నైజర్‌ని ఓడించింది. మహమ్మద్ సలా దేశం తరఫున తొలి గోల్ కొట్టింది ఆ మ్యాచులోనే. నైజర్ ఓడిపోతోంది కదా అని దక్షిణాఫ్రికా 0-0 చాలనుకుంది. చివర్లో గోల్ కోసం ప్రాణం పెట్టాల్సింది పోయి సమయం గడిపింది. విజిల్ మోగాక ఆటగాళ్లు మైదానంలో నాట్యం చేశారు, స్టేడియం అంతా తిరిగి అభివాదం చేశారు. క్వాలిఫై అయ్యింది మాత్రం 3-0తో ఓడిన నైజర్.

వాళ్లు చూసిన పట్టిక ఇదీ. ముగ్గురికీ 9 పాయింట్లే. దక్షిణాఫ్రికా 4 గోల్స్ కొట్టి 2 ఇచ్చింది, తేడా +2. సియెర్రా లియోన్ 5 కొట్టి 5 ఇచ్చింది, సున్నా. నైజర్ 6 కొట్టి 8 ఇచ్చింది, -2. గోల్ తేడానే కొలమానమైతే దక్షిణాఫ్రికాకి తిరుగులేదు. కాని ఆఫ్రికా కప్పు నడిపే కాఫ్ నియమాల్లో మొదటి కొలమానం అది కాదు. సమానంగా ఉన్న జట్లు తమలో తాము ఆడిన మ్యాచుల్లో ఎవరికెన్ని పాయింట్లు వచ్చాయన్నది ముందు చూస్తారు. అదీ సమానమైతే ఆ మ్యాచుల్లోనే గోల్ తేడా, ఆ తర్వాత ఆ మ్యాచుల్లోనే కొట్టిన గోల్స్. మొత్తం గ్రూపు గోల్ తేడా వంతు ఎక్కడో కింద వస్తుంది.

దీన్ని లెక్కగట్టడానికి కొత్త పట్టిక గీయనక్కర్లేదు, ఒక్క తీసివేత చాలు. సమానంగా లేని జట్టు ఈజిప్టు. దాని మీద ఎవరు ఎన్ని పాయింట్లు తెచ్చుకున్నారో వాళ్ల మొత్తంలోంచి తీసెయ్. దక్షిణాఫ్రికా ఈజిప్టు మీద ఒక గెలుపు, ఒక డ్రా: 9లోంచి 4 పోతే 5. సియెర్రా లియోన్‌దీ అంతే, 5. నైజర్ ఒకటి గెలిచి ఒకటి ఓడింది: 9లోంచి 3 పోతే 6. అంతే, తేలిపోయింది. కైరోలో నైజర్ తిన్న ఆ మూడు గోల్స్ ఈ తీసివేతలోనే కొట్టుకుపోయాయి. అవి ముప్పై అయినా తేడా ఉండేది కాదు.

చాలామంది ఇక్కడితో ఆపి "నియమం చదువుకోలేదు" అనేస్తారు. అసలు మెలిక దీని తర్వాతే ఉంది, నువ్వు పట్టుకోవాల్సిందీ అదే. 9 దగ్గర నైజర్, దక్షిణాఫ్రికా ఇద్దరే మిగిలారనుకో. వాళ్ల మధ్య చెరొక గెలుపు, 2-0, 1-2. పాయింట్లు సమానం, గోల్స్‌లో దక్షిణాఫ్రికా 3, నైజర్ 2. ముఖాముఖి లెక్కలో కూడా దక్షిణాఫ్రికాయే పైన! మూడో జట్టు లెక్కలోకి రాగానే ఫలితం తిరగబడింది. ఆ మూడో జట్టేమో ఆ రోజు వాళ్ల ఎదురుగా ఆడుతున్న సియెర్రా లియోనే. డ్రా అయితే దక్షిణాఫ్రికాకి వచ్చే ఆ ఒక్క పాయింటు సియెర్రా లియోన్‌కీ వస్తుంది, అదీ 9కి చేరుతుంది. అంటే ఇద్దరి మధ్య లెక్క రావడానికి దారే లేదు. నైజర్ ఓడి ఇక్కడ డ్రా అయితే ముగ్గురి లెక్కే.

అందుకే చివరి రోజుకి ముందు తొమ్మిది గళ్లు గియ్యమంటాను. అడ్డంగా ఒక మ్యాచు ఫలితాలు మూడు, నిలువుగా రెండో మ్యాచువి మూడు. ఒక్కో గడిలో క్వాలిఫై అయ్యే జట్టు పేరు రాయి. ఈ గ్రూపుకి గీసి చూడు: నైజర్ గెలిస్తే 12, మూడు గళ్లూ నైజర్‌వే. నైజర్ డ్రా చేసినా, ఓడినా, నెల్‌స్ప్రూట్‌లో గెలిచిన జట్టు 11తో పైకి పోతుంది. అక్కడ డ్రా అయితే ఆ వరస మొత్తం నైజర్‌దే. డ్రా వరసలో దక్షిణాఫ్రికా పేరు ఒక్క గడిలోనూ లేదు, సియెర్రా లియోన్ పేరూ లేదు. ఇద్దరికీ పనికిరాని ఫలితం కోసం ఒక జట్టు 0-0ని కాపాడుకుంటూ కూర్చుంది. రన్నరప్‌గా వెళ్లే దారీ మూసుకుపోయింది: ఆ రెండు చోట్లూ 13 పాయింట్ల సూడాన్‌కి, 12 పాయింట్ల లిబియాకి దక్కాయి. 9 ఏ మూలకీ చాలదు.

దక్షిణాఫ్రికా కోచ్ పిట్సో మొసిమానేని, వాళ్ల ఫుట్‌బాల్ సంఘాన్ని అందరూ చెరిగేశారు. సంఘం ముందు కాఫ్‌కి అప్పీలన్నది, తర్వాత వెనక్కి తీసుకుంది. నాకు మాత్రం ఆ పొరపాటు పుట్టుకొచ్చిన తీరు తెలుస్తూనే ఉంది. అదే జట్టు, అదే ఖండం, ప్రపంచ కప్పు క్వాలిఫయింగ్ ఆడితే ఫిఫా నియమం: ముందు మొత్తం గోల్ తేడా, తర్వాత మొత్తం గోల్స్, ఆ తర్వాతే ముఖాముఖి. 2009లో ఈజిప్టు, అల్జీరియా ఆ వరసంతా దిగినా తేలలేదు. ఇద్దరికీ 13 పాయింట్లు, ఇద్దరివీ 9 కొట్టి 4 ఇచ్చిన గోల్స్, ముఖాముఖిలో 3-1 ఒకరిది, 2-0 ఇంకొకరిది. చివరికి సూడాన్‌లోని ఓమ్‌దుర్మాన్‌లో విడిగా ఇంకో మ్యాచ్ ఆడించారు, అల్జీరియా 1-0తో గెలిచింది. కాబట్టి "ఫుట్‌బాల్లో నియమం ఇది" అంటూ ఏదీ లేదు. ఈ టోర్నమెంటు కాగితంలో ఏం రాసి ఉందన్నదే నియమం.

నైజర్ విజయం కేవలం కాగితం మీదిదని మాత్రం అనుకోకు. సొంతగడ్డ మీద మూడుకి మూడూ గెలిచింది, బయట మూడుకి మూడూ ఓడింది. కొట్టిన ఆరు గోల్స్‌లో ఒక్కటీ బయట కొట్టలేదు. నియామేలో దక్షిణాఫ్రికా, సియెర్రా లియోన్ రెంటినీ పడగొట్టడం వల్లే ముఖాముఖి లెక్క వాళ్లవైపు మొగ్గింది. తర్వాత గాబన్‌లో గ్రూపు మ్యాచులు మూడూ ఓడిపోయారు, అయినా ఆ దేశానికి అది తొలి ఆఫ్రికా కప్పు.

ఇక నీ కాగితం. మీకు ఒక్కో జట్టుకి మూడే మ్యాచులు, ఇంటా బయటా అన్న తేడా లేదు. మీ గ్రూపులో ఇలా జరగొచ్చు: ఒకటో జట్టు రెండోదాన్ని, రెండోది మూడోదాన్ని, మూడోది ఒకటోదాన్ని ఓడిస్తాయి, నాలుగోదాన్ని ముగ్గురూ ఓడిస్తారు. ముగ్గురికీ ఆరేసి. ముఖాముఖిలోనూ ముగ్గురికీ మూడేసి. మూడు మ్యాచులూ 1-0 అయితే ముఖాముఖి గోల్ తేడా కూడా తేల్చదు, నాలుగో జట్టుని ఎవరెంత చితకబాదారన్నదే మిగులుతుంది. ఇంత చిన్న గ్రూపుకి నేనైతే మొత్తం గోల్ తేడానే ముందు పెడతాను. చివరి నిమిషం దాకా ప్రతి గోల్‌కీ విలువుంటుంది. ఆరేసి మ్యాచులున్నప్పుడు కాఫ్ పద్ధతి తప్పు కాదు. ఏది ఎంచుకున్నా వరసంతా రాయి, చివర చీటీలు వేయడం దాకా. ముగ్గురిలో ఒకరు తేలాక మిగతా ఇద్దరికీ మొదటి కొలమానం నుంచి మళ్లీ మొదలా, ఆగిన చోటి నుంచి కిందికా అన్నదీ రాయి. జి గ్రూపులో దక్షిణాఫ్రికా, సియెర్రా లియోన్‌లకి రెండు దారుల్లోనూ దక్షిణాఫ్రికాయే రెండోది అయ్యింది కాబట్టి గొడవ రాలేదు. మీకు రావచ్చు.

చివరి రెండు మ్యాచులూ ఒకే సమయానికి మొదలుపెట్టించు, మైదానం ఒక్కటే ఉంటే రెండోది అడిగి తెప్పించుకో. 1982 ప్రపంచ కప్పులో అల్జీరియా తన చివరి మ్యాచు ముందురోజే ఆడేసింది. మర్నాడు పశ్చిమ జర్మనీ, ఆస్ట్రియా తాము ఇద్దరూ ముందుకెళ్లడానికి జర్మనీ 1-0 గెలుపు చాలని తెలిసి, ఆ స్కోరు రాగానే ఆట ఆపేసినంత పని చేశాయి. రెండు మ్యాచులు గెలిచిన అల్జీరియా ఇంటికెళ్లింది. 1986 నుంచి చివరి మ్యాచులు ఒకేసారి పెడుతున్నారు.

మధ్యలో జట్టు తప్పుకుంటే ఏం చెయ్యాలో కూడా ఒక వాక్యం ఉండాలి. 2016లో చాద్ ఆఫ్రికా కప్పు క్వాలిఫయింగ్ మధ్యలో తప్పుకుంటే కాఫ్ దాని ఫలితాలన్నీ రద్దు చేసింది. ఆ గ్రూపు రన్నరప్‌కి మెరుగైన రెండో స్థానాల పోటీలో చోటు కూడా పోయింది.

పసుపు కార్డుల పుస్తకం ఒకరి చేతిలోనే ఉంచు. 2026 ప్రపంచ కప్పు క్వాలిఫయింగ్‌లో దక్షిణాఫ్రికా 2025 మార్చిలో లెసోతోని 2-0తో ఓడించింది. కాని రెండు పసుపు కార్డులతో ఆ మ్యాచుకి దూరంగా ఉండాల్సిన తెబోహో మొకోయెనాని ఆడించారు. రెండు కార్డులూ వేర్వేరు ఏళ్లలో వచ్చినవి, 2023లో ఒకటి, 2024లో ఒకటి. ఫిఫా ఆ మ్యాచుని 3-0గా లెసోతోకి ఇచ్చేసింది. మూడు పాయింట్లు పోవడమే కాదు, గోల్ తేడాలో +2 కాస్తా -3 అయ్యింది. చివరి రోజున అదే ఎంబొంబెలా స్టేడియంలో రువాండాని 3-0తో ఓడించాకే, అటు నైజీరియా, అప్పటిదాకా గ్రూపులో పైనున్న బెనిన్‌ని 4-0తో కొట్టాకే వాళ్లు 18 పాయింట్లతో బయటపడ్డారు. ఈసారి డ్రా చాలని ఎవరూ అనుకోలేదు.

కాగితం రాశాక నోటీసు బోర్డు మీద పెట్టకముందు నాకు పంపు. ముగ్గురు సమానమైన లెక్క ఒకటి వేసి, నీ నియమాలతో తేలుతుందో లేదో చూసి తిప్పి పంపిస్తాను.

ప్రేమతో,
అమ్మ