వాణ్ని అప్పుడే మాన్పించకు

ఇసహాయా, నాగసాకి

చిరంజీవి తమ్ముడికి అక్క ఆశీస్సులు.

ఇక్కడ మేమంతా క్షేమం. నిన్న ఫోనులో మాట్లాడాక మనసు కుదుటపడక ఇది రాస్తున్నాను. ఉత్తరమైతే చివరిదాకా చదువుతావని నమ్మకం.

జిమ్నాస్టిక్స్ పోటీల్లో మీ అబ్బాయికి పతకం రాలేదని, ఎనిమిదో తరగతికి వచ్చేశాడని, ఇక ఎల్బీ స్టేడియానికి పంపడం మానేసి ఐఐటీ ఫౌండేషన్ కోచింగులో చేరుస్తానని అన్నావు. చదువు వద్దని నేనెందుకంటాను? కానీ ఈ వయసుకే పతకం రాలేదు కాబట్టి జిమ్నాస్టిక్స్ వాడికి అచ్చిరాదని తేల్చేయడం మాత్రం నాకు మింగుడుపడలేదు. మగపిల్లల జిమ్నాస్టిక్స్ పన్నెండు, పదమూడేళ్లకు తేలే ఆట కాదు. పైనుంచి వేలాడే రింగుల మీద చేతులు రెండు వైపులా చాచి శరీరాన్ని కదలకుండా నిలపాలంటే ఎంత బలం కావాలి! అది ఒళ్లు ఎదిగాక, ఏళ్ల సాధన తర్వాత వచ్చే బలం.

నేనుంటున్న ఊరి పిల్లవాడి సంగతే చెబుతాను. జిమ్నాస్ట్ కొహెయ్ ఉచిమురా 1989లో కితాక్యూషూలో పుట్టినా పెరిగింది ఇక్కడే, ఇసహాయాలో. తల్లీ తండ్రీ ఇద్దరూ జిమ్నాస్టులే. ఇక్కడ సొంతంగా జిమ్ పెట్టుకుని పిల్లలకు నేర్పేవారు. మూడేళ్లప్పుడు అందులోనే మొదలుపెట్టాడు. పదిహేనేళ్లకు ఇల్లు వదిలి టోక్యో వెళ్లాడు. 2008 బీజింగ్ ఒలింపిక్స్ నాటికి అతనికి 19 ఏళ్లు. ఆరు పరికరాల మార్కులూ కలిపి చూసే ఆల్ అరౌండ్ ఫైనల్లో, రెండు పిడులున్న దిమ్మ పామెల్ హార్స్ మీద నుంచి రెండుసార్లు పడిపోయాడు. ఒక్క పరికరం మీద అంత దెబ్బ తిన్నవాడు మిగిలిన వాటి మీద కూడదీసుకుని వెండి పతకం తెచ్చాడు. ఆల్ అరౌండ్‌లో జపాన్‌కు 24 ఏళ్ల తర్వాత దక్కిన ఒలింపిక్ పతకం అది.

ఆ తర్వాతి కథ నీకు కొంత తెలుసు. 2009 నుంచి 2015 వరకు ఆరుసార్లు ప్రపంచ ఆల్ అరౌండ్ చాంపియన్. 2012 లండన్‌లోనూ, 2016 రియోలోనూ ఒలింపిక్ స్వర్ణం. నేల మీద చేసే ఫ్లోర్, పామెల్ హార్స్, రింగ్స్, పరుగెత్తి వచ్చి దిమ్మ మీదుగా ఎగిరే వాల్ట్, జంట కడ్డీల పారలల్ బార్స్, ఎత్తైన ఒంటి కడ్డీ హై బార్, ఈ ఆరూ ఆరు రకాల ఒళ్లు అడుగుతాయి. ఒకదానికి భుజబలం, ఒకదానికి లయ, ఒకదానికి పరుగు. అన్నిటిలోనూ ఒక్కడే మేటిగా అన్నేళ్లు నిలబడటం నాకు ఇప్పటికీ అద్భుతంగానే తోస్తుంది.

రియో ఫైనల్ మాత్రం వాడిని పక్కన కూర్చోబెట్టుకుని ఒకసారి చూడు. చివరి పరికరం హై బార్. అప్పటికి ఉక్రెయిన్ కుర్రవాడు ఒలెగ్ వెర్నియాయెవ్ 0.901 మార్కులు ముందున్నాడు. ఆ ఆటలో అది చిన్న తేడా కాదు. ఉచిమురా కడ్డీని వదిలి గాలిలోకి లేచి మళ్లీ పట్టుకోవడం, చివర మెలికలు తిరుగుతూ దిగడం, దిగిన చోట రెండు పాదాలూ పరుపుకు అతుక్కున్నట్టు ఆగిపోవడం చూడు. 15.800 వేశారు. వెర్నియాయెవ్‌కు 14.800. మొత్తం మీద ఉచిమురాకు 92.365, అతనికి 92.266. తేడా 0.099. దిగాక పాదం ఒక్క చిన్న అడుగు కదిలితే పోయేది 0.1. అంటే ఆ ఒక్క అడుగు పడి ఉంటే స్వర్ణం చేజారేది! న్యాయనిర్ణేతలకు మీరంటే అభిమానమా అని తర్వాత ఒక విలేకరి ఉచిమురాను అడిగితే, మార్కులు న్యాయంగానే వేశారని వెర్నియాయెవే చెప్పాడు. ఓడిపోయినవాడి నోట ఆ మాట వచ్చిందంటే ఇంకేం కావాలి.

తర్వాత కష్టకాలమే. 2017లో మాంట్రియల్‌లో వాల్ట్ నుంచి దిగుతూ చీలమండకు గాయం. భుజాలు సహకరించక చివరికి ఒక్క హై బార్‌కే పరిమితమయ్యాడు. 2021లో సొంతగడ్డ మీద జరిగిన టోక్యో ఒలింపిక్స్‌లో క్వాలిఫయింగ్‌లోనే కడ్డీ జారి కింద పడ్డాడు. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. అదే ఏడాది తను పుట్టిన కితాక్యూషూలోనే ప్రపంచ పోటీలు జరిగితే, 32 ఏళ్ల వయసులో హై బార్ ఫైనల్లో ఆరో స్థానం వచ్చింది. కానీ దిగినప్పుడు పాదాలు కదలలేదు. 2022 మార్చిలో టోక్యోలో వీడ్కోలు ప్రదర్శన పెట్టుకుని, నొప్పులన్నీ ఉండగానే ఆరు పరికరాల మీదా చేసి చూపించి ఆట చాలించాడు.

నువ్వు పంపిన వీడియో నేను చాలాసార్లు చూశాను. మిగతా పిల్లలు పెద్ద పల్టీలే వేశారు, కాదనను. వాళ్ల మోకాళ్లు విడిపోతున్నాయి, దిగాక రెండు మూడు అడుగులు తూలుతున్నారు. మనవాడు వేసింది చిన్న పల్టీయే. అయితే కాలి వేళ్లు చివరిదాకా చాచి ఉంచాడు, రెండు పాదాలూ జంటగా దించాడు, పూర్తిగా నిలదొక్కుకున్నాకే చేతులెత్తాడు. ఫలితాల కాగితంలో ఇది కనబడదు, అందుకే నీకూ కనబడలేదు. పట్టుబట్టి నేర్పినా అందరికీ అబ్బని గుణం అది.

అంత దూరం ఎందుకు, బుద్దా అరుణా రెడ్డి మన హైదరాబాద్ అమ్మాయే కదా. కరాటేతో మొదలుపెట్టి ఇటు మళ్లింది. నువ్వు రోజూ వాణ్ని దింపి వచ్చే ఆ ఎల్బీ స్టేడియంలోనే సాధన చేసింది. 2018లో మెల్‌బోర్న్ ప్రపంచ కప్‌లో వాల్ట్‌లో కాంస్యం గెలిచింది. జిమ్నాస్టిక్స్ ప్రపంచ కప్‌లో భారతీయులకు వచ్చిన తొలి వ్యక్తిగత పతకం అదే. అప్పటికి తనకు 22 ఏళ్లు.

కాబట్టి నా మాట విను. కోచింగులో చేర్చు, కానీ వారంలో నాలుగు సాయంత్రాలు స్టేడియానికి వదిలిపెట్టు. పామెల్ హార్స్ మీద పడుతున్నాడని దాన్ని మాన్పించాలని వాళ్ల సారు అన్నాడట. వద్దని చెప్పు. ఈ వయసులో ఆరూ చేయాలి. పెద్ద పల్టీలకు మాత్రం తొందరపెట్టవద్దని, పలచబడిన పరుపుల మీద అసలు వేయించవద్దని గట్టిగా అడుగు. అడగడానికి మొహమాటపడకు.

వాడి అరచేతులు బొబ్బలెక్కుతున్నాయని మరదలు చెప్పింది. హై బార్‌కు ఇక్కడ మంచి తోలు పట్టీలు దొరుకుతాయి. మణికట్టు గీత నుంచి నడిమి వేలి కొస దాకా ఎన్ని సెంటీమీటర్లుందో రెండు చేతులకూ కొలిచి రాసి పంపు. వచ్చే నెల తెలిసినవాళ్లు హైదరాబాద్ వస్తున్నారు, వాళ్ల చేతికి ఇచ్చి పంపుతాను. అమ్మకు మోకాలి నొప్పి ఎలా ఉందో కూడా రాయి.

ఉంటాను,
మీ అక్క